లాబీలో పైకి చెప్పగలరా?

గోడ చాటుకు పూర్తిగా వచ్చేశాక ప్రాణం పోతుంది చూడండి, మొబైల్ షూటింగ్ గేముల్లో అంతకంటే ఒళ్ళు మండే చావు లేదు. వెంటనే నోట్లోంచి వచ్చే మాట "హ్యాకర్!" వేలు రిపోర్ట్ బటన్ మీదికి పోతుంది. కానీ చాలాసార్లు తప్పు అవతలివాడిది కాదు, పింగ్‌ది. లెక్క వేసి చూద్దాం.

మీ పింగ్ 40 మిల్లీసెకన్లు, అతనిది 120. పింగ్ అంటే కబురు ఫోన్ నుంచి గేమును నడిపే సర్వర్‌కు వెళ్ళి తిరిగి రావడానికి పట్టే సమయం, రానూపోనూ కాబట్టి మీ కదలిక సర్వర్‌కు చేరడానికి 20, అక్కణ్ణుంచి అతని ఫోన్‌కు 60 పడుతుంది. వచ్చిన కబురును అతని ఫోన్ వెంటనే తెర మీద పెట్టదు. మీ పరుగు గతుకులు లేకుండా కనబడాలని కాస్త ఆపి చూపిస్తుంది, ఆ ఆపడం 100 అనుకుందాం. అతను కాల్చిన కబురు సర్వర్‌కు చేరడానికి ఇంకో 60, మీరు పోయారన్న కబురు మీకు రావడానికి ఇంకో 20. మొత్తం 260 మిల్లీసెకన్లు. ట్రిగ్గర్ నొక్కిన క్షణంలో అతని తెర మీద మీరు ఎక్కడున్నారో సర్వర్ వెనక్కి వెళ్ళి చూసి, తగిలిందా లేదా తేలుస్తుంది. దీన్నే లాగ్ కాంపెన్సేషన్ అంటారు. సెకనుకు 6 మీటర్ల వేగంతో పరిగెత్తే మనిషి ఆ 260 మిల్లీసెకన్లలో ఒకటిన్నర మీటరు దాటిపోతాడు. మీ తెర మీద మీరు గోడ వెనక భద్రంగా ఉన్నారు, అతని తెర మీద ఇంకా బయటే ఉన్నారు. ఇద్దరూ చూసింది నిజమే.

ఈ లెక్కతో మొదలుపెట్టడానికి కారణం ఉంది. ఓడిపోయిన ప్రతిసారీ మోసం అంటే ఆ మాటకు విలువ పోతుంది, అసలు మోసగాడు ఆ గోలలో కలిసిపోయి తప్పించుకుంటాడు. నెట్‌వర్క్ తెచ్చే తేడా వేరు. గేము తయారుచేసినవాళ్ళు పెట్టిన, లేదా చూసీ చూడనట్టు వదిలేసిన అన్యాయం వేరు. ఆటగాడు ఎదుటివాళ్ళకు తెలియకుండా చేసే మోసం వేరు. ఒకదానికి వాడే మందు ఇంకోదానికి పనిచేయదు.

మోసాన్ని గుర్తుపట్టడానికి నాదొకటే కొలత. మ్యాచ్ మొదలయ్యే ముందు ఆటగాళ్ళంతా చేరే లాబీలో మైక్ ఆన్ చేసి, మీరు వాడుతున్నదేమిటో అందరికీ వినబడేలా చెప్పగలరా? చెప్పాక కూడా వాళ్ళు మీతో ఆడతారా? "నేను జైరో వాడతాను, ఫోన్‌నే అటూ ఇటూ తిప్పి గురిపెడతాను" అనండి, ఎవరూ కాదనరు. "నాది 120 ఎఫ్‌పీఎస్ ఫోన్, సెకనుకు 120 ఫ్రేములు చూపిస్తుంది" అంటే కొందరు మూతి ముడుచుకుంటారు, అంతే. "గోడల వెనక మీరెక్కడున్నారో నాకు ఎర్ర డబ్బాల్లో కనబడుతుంది" అన్న మరుక్షణం లాబీ ఖాళీ అయిపోతుంది. దాపరికం మీదే నిలబడిన గెలుపు మోసం. దాపరికం ఏమీ లేకుండానే ఆట ఒకవైపు ఒరిగితే అది అన్యాయం, దానికి అవతలి ఆటగాణ్ణి తిట్టి లాభం లేదు.

గోడల వెనక కనబడే హ్యాక్ దగ్గర కాస్త ఆగాలి, ఎందుకంటే మొబైల్ గేముల్లో మోసానికి మూలం ఎక్కడుందో అది స్పష్టంగా చూపిస్తుంది. చాలా గేముల్లో సర్వర్ మీకు దరిదాపుల్లో ఉన్న ప్రతి ఆటగాడి స్థానాన్నీ మీ ఫోన్‌కు పంపేస్తుంది, అతను మీకు కనబడుతున్నా లేకపోయినా. గోడ అడ్డం ఉంటే అతని బొమ్మను గీయకుండా ఆపేది మీ ఫోన్‌లోని గ్రాఫిక్స్ చిప్. అంటే రహస్యం అప్పటికే ఇంట్లో ఉంది, తలుపు మాత్రమే వేసి ఉంది. హ్యాక్ చేసే పనల్లా ఫోన్ మెమరీలో ఆ స్థానాలు ఎక్కడున్నాయో చదివి, గేము తెర మీద ఇంకో పొర వేసి, డబ్బాలు గీయడం. గేము ఫైళ్ళలో ఒక్క అక్షరం కూడా మారదు. అందుకే ఫైళ్ళు మారాయా అని మాత్రమే చూసే తనిఖీకి అది దొరకదు. ఇంటిదొంగను ఈశ్వరుడైనా పట్టలేడన్న మాట ఇక్కడ అక్షరాలా సరిపోతుంది, ఎందుకంటే ఫోన్ ఆటగాడిది, మెమరీ అతనిది, దాన్ని చదివే తాళం కూడా అతని దగ్గరే ఉంది.

మందు ఒకటుంది. ఫోన్‌కు తెలియనిది హ్యాక్‌కూ తెలియదు. ఎవరు ఎవరికి కనబడబోతున్నారో సర్వరే లెక్కవేసి, కనబడబోయేవాళ్ళ స్థానాలే పంపాలి. 2020లో వచ్చిన వాలొరెంట్ అనే షూటింగ్ గేములో దాన్ని తయారుచేసిన రయట్ ఈ పద్ధతే పెట్టింది. అది 5 మందికి 5 మంది ఆడే ఆట, పైగా చిన్న మ్యాపులు. 100 మంది దిగి, చివరిదాకా మిగిలినవాళ్ళు గెలిచే బ్యాటిల్ రాయల్‌లో అదే పని చేయాలంటే ఒక్కొక్కరికీ మిగతా 99 మందినీ చూడాలి, అంటే 9,900 లెక్కలు. సెకనుకు 20 సార్లు చేస్తే దాదాపు 2 లక్షలు. దూరంగా ఉన్నవాళ్ళను ముందే తీసేస్తే భారం తగ్గుతుంది గానీ పోదు. ఇంకో చిక్కు కూడా ఉంది. మూల తిరిగాక పంపుదాంలే అనుకుంటే, పింగ్ ఎక్కువున్నవాడికి శత్రువు గాల్లోంచి ఊడిపడ్డట్టు కనబడతాడు. కాబట్టి కాస్త ముందే పంపాలి, ఆ ముందే పంపినంత మేరా మూలల దగ్గర హ్యాక్‌కు దారి మిగులుతుంది. అడుగుల చప్పుడు వినిపించాలన్నా ఎటువైపు, ఎంత దూరం అన్నది ఎంతో కొంత చెప్పక తప్పదు. అయినా మ్యాప్ మొత్తం కనబడటానికీ, మూల దగ్గర ఒకటి రెండు మీటర్లు ముందుగా తెలియడానికీ నక్కకూ నాగలోకానికీ ఉన్నంత తేడా ఉంది. సర్వర్ ఖర్చు పెరుగుతుందని ఈ పని వాయిదా వేసే కంపెనీలే నెలనెలా ఇన్ని ఐడీలు బ్యాన్ చేశామని గొప్పగా ప్రకటిస్తుంటాయి. ఆ ప్రకటన నాకు తలుపు తీసి పెట్టుకుని దొంగల్ని లెక్కపెట్టుకోవడంలా కనబడుతుంది.

కొన్ని స్ట్రాటజీ ఆటలకు ఈ మందు కూడా పనిచేయదు. వాటిలో ప్రతి ఫోన్ మొత్తం యుద్ధాన్ని తనే నడుపుకుంటుంది, ఒకరి నుంచి ఒకరికి ఆజ్ఞలు మాత్రమే వెళ్తాయి. డేటా చాలా తక్కువ పడుతుంది, అది మంచిదే. కానీ మ్యాప్ అంతా ప్రతి ఫోన్‌లోనూ ఉండి తీరాలి, కాబట్టి శత్రువు ఉన్న చోటును కప్పే చీకటిని తీసేసే హ్యాక్‌ను పుట్టకుండా చేయడం కుదరదు, పట్టుకోవడమే మార్గం.

పట్టుకోవడంలో నాకు బాగా నచ్చిన పద్ధతి ఎర. మామూలుగా ఆడేవాళ్ళ ఫోన్ ఎప్పుడూ చదవని చోట ఒక సమాచారం పెడతారు. దాన్ని చదివింది హ్యాక్ మాత్రమే అయుండాలి. 2023 ఫిబ్రవరిలో వాల్వ్ కంపెనీ తన డోటా 2 గేములో ఇలాగే ఎర వేసి 40,000కు పైగా ఖాతాలను బ్యాన్ చేసింది. అది కంప్యూటర్ గేమే, కానీ సూత్రం ఫోన్‌కూ అదే. గోడ వెనక ఎవరికీ కనబడని, శబ్దం చేయని ఉత్తుత్తి మనిషిని అనుమానితుడి ఫోన్‌కు మాత్రమే పంపండి. వాడి గురి దానివైపు తిరిగితే ఇంకో సాక్ష్యం అక్కర్లేదు. నిజాయితీగా ఆడేవాడికి దీనివల్ల నష్టం సున్నా, అదే దీని గొప్పదనం.

ఎయిమ్‌బాట్ సంగతి వేరు. అది రహస్యం చదవడంతో ఆగదు, మీ వేలి బదులు అదే గురి పెడుతుంది. కాబట్టి అది చేసిన పని సర్వర్‌కు చేరి తీరుతుంది, అక్కడ గీతలు మిగులుతాయి. మనిషి గురి తల మీదికి వెళ్ళేటప్పుడు కొంచెం దాటిపోతుంది, మళ్ళీ వెనక్కి వస్తుంది, చివర్లో వణుకుతుంది. యంత్రం గురి ప్రతిసారీ ఒకే రకం గీత మీద నడుస్తుంది. ఇప్పటి హ్యాకులు కావాలని వణుకు కలుపుతాయి, కానీ ఆ వణుకులో కూడా ఒక కొలత ఉంటుంది. మనిషి కంటికి కనబడి వేలు కదలడానికి 200 నుంచి 250 మిల్లీసెకన్లు పట్టడం మామూలు. పరుగు పందెంలో తుపాకి చప్పుడయ్యాక 100 మిల్లీసెకన్లలోపు కదిలితే ఫాల్స్ స్టార్ట్ అంటారు, అంత త్వరగా స్పందించడం మనిషి వల్ల కాదన్న లెక్కతో. ఒకసారి అలా జరిగితే అదృష్టం, ముందే ఊహించి కాల్చాడు అనుకోవచ్చు. వంద ఎన్‌కౌంటర్లలో ఎనభై సార్లు జరిగితే అది వేలు కాదు.

బ్యాన్ వెంటనే పడకపోవడం చూసి కంపెనీ నిద్రపోతోందని చాలామంది అనుకుంటారు. పట్టుకున్న నిమిషంలోనే బ్యాన్ వేస్తే ఏ పని వల్ల దొరికామో హ్యాక్ రాసినవాడికి ఇట్టే తెలిసిపోతుంది, మరునాటికి కొత్త వెర్షన్ వచ్చేస్తుంది. కొన్ని వారాలు కూడబెట్టి ఒకేసారి వేస్తే ఎక్కడ దొరికామో తేల్చుకోవడం కష్టం. ఈ ఆలస్యం అవసరమేనని ఒప్పుకుంటాను. కానీ ఆ వారాల్లో వాడి చేతిలో ఓడినవాళ్ళ ర్యాంక్ పాయింట్లు తిరిగి ఇవ్వకపోవడాన్ని మాత్రం ఒప్పుకోను. ఎవరు ఎవరి చేతిలో ఓడారో రికార్డు సర్వర్‌లోనే ఉంటుంది, లెక్క సరిచేయడం పెద్ద పని కాదు.

రూట్ చేసిన, అంటే సిస్టమ్ తాళాలు తీసేసిన ఫోన్ల మీద నిషేధం గురించి నాకు కొంచెం తగవుంది. ఆండ్రాయిడ్‌లో గేము ఇప్పుడు గూగుల్ వాళ్ళ తనిఖీ ప్లే ఇంటెగ్రిటీ ద్వారా ఫోన్‌ను ప్రశ్నిస్తుంది. యాప్ అసలుదేనా, ఫోన్ సిస్టమ్ ఎవరూ తాకనిదేనా అని జవాబు వస్తుంది. ఇది అవసరమే. కానీ దాని మీదే భారమంతా వేస్తే పాత ఫోన్‌ను బతికించుకోవడానికి కస్టమ్ రోమ్, అంటే బయటివాళ్ళు తయారుచేసిన ఆండ్రాయిడ్ వేసుకున్న అమాయకుడు గేటు దగ్గరే ఆగిపోతాడు, రూట్‌ను దాచే పనిముట్లు తెలిసిన మోసగాడు దర్జాగా లోపలికి పోతాడు. ఆ జవాబును అనుమానానికి ఒక గుర్తుగా వాడాలి తప్ప తీర్పుగా కాదు.

మోడ్ ఏపీకేల గురించి, అంటే ఎవరో మార్చి పంచే గేము ఫైళ్ళ గురించి ఒక్క ముక్క, ముఖ్యంగా చిన్న పిల్లలు ఆడే ఇళ్ళవాళ్ళ కోసం. అన్‌లిమిటెడ్ డైమండ్స్ (గేములో చెల్లే డబ్బు) అని ఎవరైనా ఫైల్ పంపితే అది జరగని పని. ఆన్‌లైన్ గేములో మీ డైమండ్ల లెక్క సర్వర్‌లో ఉంటుంది, ఫోన్‌లో కనబడేది దాని నీడ. మెమరీలో అంకె మారిస్తే తెర మీద 99,999 కనబడుతుంది, కొనబోతే సర్వర్ కాదంటుంది. ఆ ఫైల్‌ను అసలు గేము మీద ఇన్‌స్టాల్ చేయబోతే ఎక్కదు, ఎందుకంటే తయారీదారు డిజిటల్ సంతకం వేరు. అందుకే "ముందు అసలు గేము తీసేయండి" అంటారు. ఆ మాట వినగానే ఆగిపోవాలి. తర్వాత యాక్సెసిబిలిటీ అనుమతి అడుగుతుంది. అది ఇస్తే తెర మీద ఉన్నదంతా చదవగలదు, మీ బదులు బటన్లు నొక్కగలదు. పోయేది గేము ఐడీ ఒక్కటే అయితే అదృష్టవంతులే.

ఇక అసలు గొడవంతా నడిచేది పరికరాల దగ్గర. 60 ఎఫ్‌పీఎస్‌లో ఒక్కో ఫ్రేమ్ 16.7 మిల్లీసెకన్లు, 90లో 11.1, 120లో 8.3. అంటే 60కీ 120కీ మధ్య తేడా ఒక్క ఫ్రేమ్ దగ్గర 8 మిల్లీసెకన్ల పైచిలుకు. తెర సెకనుకు ఎన్నిసార్లు వేలి కోసం చూస్తుందో చెప్పే టచ్ శాంప్లింగ్ 60 హెర్ట్జ్ నుంచి 240కి మారితే వేలు తాకినట్టు తెలిసే వ్యవధి 16.7 నుంచి 4.2కి దిగుతుంది. విడివిడిగా చూస్తే ఇవి రెప్పపాటులో పదో వంతు కూడా కావు. కానీ ఆపకుండా కాల్చే స్ప్రే పట్టేటప్పుడు, తుపాకి పైకి ఎగిరే రీకాయిల్‌ను కిందికి లాగుతున్న బొటనవేలికి తెర నుంచి వచ్చే జవాబు ఎంత నునుపుగా ఉంటే చేయి అంత కుదురుగా ఉంటుంది, తేడా అక్కడ బయటపడుతుంది. 30 ఎఫ్‌పీఎస్‌లో ఆడేవాడికి ఫ్రేమ్ 33 మిల్లీసెకన్లు, అతనికి ఇది ఊహకు కూడా అందదు. అన్నిటికంటే పెద్ద శత్రువు వేడి. మంచి ఫోన్ కూడా కాసేపటికి వేడెక్కి చిప్ వేగం తగ్గించుకుంటుంది, సరిగ్గా ఆడే చోటు కుంచించుకుపోయిన చివరి సర్కిల్‌కు వచ్చేసరికి ఫ్రేములు రాలిపోతాయి. గ్రాఫిక్స్ స్మూత్‌లో పెట్టి, ఛార్జర్ తీసేసి, వెనక కవర్ విప్పి ఆడేవాడు ఖరీదైన ఫోన్‌ను ఛార్జింగ్‌లో పెట్టి ఆడేవాణ్ణి సులువుగా దాటేయగలడు. బ్లూటూత్ ఇయర్‌ఫోన్స్‌లో శబ్దం 100 నుంచి 200 మిల్లీసెకన్లు వెనకబడటం మామూలు, వైరు ఉన్న చవక ఇయర్‌ఫోన్స్‌లో ఆ బాధ లేదు. ఎఫ్‌పీఎస్ మీద చేసే గొడవలో సగం దీని మీద పెడితే ఎక్కువ మంది బాగుపడతారు.

తెర ఆకారం కూడా తక్కువది కాదు. 4:3 తెరలో పైనా కిందా ఎక్కువ భాగం కనబడుతుంది, పబ్జీ మొబైల్ ఆడేవాళ్ళు దీన్నే ఐప్యాడ్ వ్యూ అంటారు. టాబ్లెట్ కొనుక్కుని ఆడేవాడు లాబీ కొలతలో నెగ్గుతాడు. ఫోన్‌లో ఫైళ్ళు మార్చి అదే వ్యూ తెచ్చుకున్నవాడు నెగ్గడు, ఎందుకంటే గేము ఇవ్వనిదాన్ని చాటుగా తీసుకున్నాడు. ఫలితం ఒకటేగా అంటారు కొందరు. ఫలితం ఒకటే అయినప్పుడు తప్పు గేముది: ప్రతి తెర మీదా ఒకే కోణం చూపించి, మిగిలిన చోట నల్లపట్టీలు పెట్టడం తయారీదారు చేతిలో పని. గడ్డి సంగతీ అంతే. చాలా గేములు దూరాన గడ్డి గీయవు, ఫోన్ మోయలేదని. గడ్డిలో పడుకుని దాక్కున్నాననుకునేవాడు 200 మీటర్ల అవతల స్కోప్ పెట్టినవాడికి బోడి నేల మీద బోర్లా పడుకుని కనబడతాడు. ఇందులో ఏ ఆటగాడి మోసమూ లేదు. కానీ దాక్కోవడమే నైపుణ్యంగా ఉన్న ఆటలో ఇంతకంటే పెద్ద అన్యాయం ఏముంటుంది?

జైరోస్కోప్‌ను తప్పుపట్టేవాళ్ళను చూస్తే నాకు ఆశ్చర్యం. గాజు మీద బొటనవేలు కదలడానికి ఉన్న చోటు రెండు మూడు సెంటీమీటర్లు. మణికట్టు తిప్పితే అదే పని ఇంకా సన్నగా అవుతుంది. ప్రతి ఫోన్‌లో కాకపోయినా చాలావాటిలో ఆ సెన్సర్ ఉంది, సెట్టింగ్ గేములోనే ఉంది, నేర్చుకోవడానికి కొన్ని వారాలు చేతులు నొప్పెట్టాలి. ఇది కష్టపడి సంపాదించుకున్న పైచేయి. నాలుగు వేళ్ళతో ఆడే క్లా పట్టు కూడా అంతే. ఫోన్ అంచుకు తగిలించే ట్రిగ్గర్లు మాత్రం రెండు రకాలు. వేలు నొక్కితే తెర మీద ఒక్క టచ్ వేసేవి ఒకటి, నొక్కి పట్టుకుంటే సెకనుకు పది ఇరవై టచ్‌లు తామే వేసేవి ఇంకొకటి. రెండో రకంలో బ్యాటరీ ఉంటుంది. వేలు చేయని పని వేలు పేరుతో సర్వర్‌కు వెళ్తోంది కాబట్టి అది మనిషి బదులు తనే నొక్కే మ్యాక్రోనే, పెట్టె ఎంత చిన్నదైనా.

మొబైల్ గేమును కంప్యూటర్ మీద ఆడించే ఎమ్యులేటర్ విషయంలో పద్ధతి ఎప్పుడో తేలిపోయింది. మౌసుతో గురిపెట్టేవాడిదీ వేలితో గురిపెట్టేవాడిదీ ఒకే ఆట కాదు. పబ్జీ మొబైల్ ఎమ్యులేటర్ ఆటగాళ్ళకు వేరే లాబీ పెట్టింది, స్క్వాడ్‌లో ఒక్కడు ఎమ్యులేటర్ మీద ఉన్నా నలుగురూ అక్కడికే పోతారు. 2019లో వచ్చిన కాల్ ఆఫ్ డ్యూటీ మొబైల్ కంట్రోలర్‌ను అనుమతించి, అది వాడేవాళ్ళను ఒకరికొకరిని కలుపుతుంది. నిషేధం కంటే ఇదే న్యాయం. చేతి సమస్య వల్ల తెర మీద ఆడలేనివాడికి కంట్రోలర్ ఒక్కటే దారి కావచ్చు. మోసం మొదలయ్యేది ఎమ్యులేటర్ అని కనబడకుండా దాచే పనిముట్టు వేసుకున్నప్పుడు, లేదా మౌసు కదలికను టచ్‌లుగా మార్చే పెట్టెను ఫోన్‌కు తగిలించి మొబైల్ లాబీలోకి దూరినప్పుడు. ఆ రెండోదాన్ని పట్టడం కష్టం, ఎందుకంటే ఫోన్ నిజమైనదే. కానీ వేలు తెర అంచుకు చేరాక ఎత్తి మళ్ళీ పెట్టాలి, వేలి ఒరవడి వంకరగా ఉంటుంది. యంత్రం వేసిన టచ్ గంటల తరబడి అదే చుక్క దగ్గర మొదలవుతుంది. చూసే ఓపిక ఉంటే దొరుకుతుంది.

నెట్‌ను కావాలని ఆపి వదిలే లాగ్ స్విచ్‌కు పెద్ద చర్చ అక్కర్లేదు. వెనక్కి వెళ్ళి చూసే వ్యవధికి సర్వర్ ఒక గట్టి హద్దు పెడితే దాని పళ్ళు ఊడిపోతాయి. నిజంగా బయట తిరుగుతూ ఆడాల్సిన పోకెమాన్ గోలో దొంగ లొకేషన్ పెట్టేవాళ్ళకు దాన్ని తయారుచేసిన నయాంటిక్ మూడు దఫాల శిక్ష పెట్టింది: ముందు హెచ్చరిక, తర్వాత కొన్నాళ్ళ సస్పెన్షన్, చివరికి శాశ్వత బ్యాన్. మారడానికి అవకాశం ఇచ్చే ఈ మెట్ల పద్ధతి నాకు సబబుగా తోస్తుంది, మొదటి తప్పుకే ఐదేళ్ళ ఐడీ పోవడం కంటే.

డబ్బు పెట్టి కొనే బలం దగ్గర నా కొలత తేడాగా పనిచేస్తుంది. కార్డులతో యుద్ధం చేసే క్లాష్ రాయల్‌లో ఎదుటివాడి కార్డు లెవెల్ అందరికీ కనబడుతుంది, దాపరికం లేదు. కాబట్టి కొన్నవాడు మోసగాడు కాడు. కానీ ఒక లెవెల్ తేడాతో ఒక దెబ్బకు చావాల్సిన బొమ్మ రెండు దెబ్బలు తట్టుకుంటే మీరు నేర్చుకున్న ఎత్తుగడ మొత్తం తారుమారు. టోర్నమెంట్లలో కార్డుల లెవెల్‌ను ఒక హద్దు దగ్గర ఆపేయడమే అందుకు రుజువు: నైపుణ్యం తేల్చాలంటే డబ్బును పక్కన పెట్టాలని తయారుచేసినవాళ్ళకూ తెలుసు. అన్ని మ్యాచుల్లోనూ అదే హద్దు ఎందుకు పెట్టరని అడిగే హక్కు ఆటగాళ్ళకు ఉంది.

చివరిగా రిపోర్ట్ చేసే పద్ధతి, ఎందుకంటే ఇది మన చేతిలో ఉంది. కోపం మీద నొక్కకండి. రీప్లే ఉంటే చూడండి. చంపిన షాట్‌ను కాదు, దానికి ముందు 30 సెకన్లు చూడండి. గోడల వెనక చూపించే వాల్‌హ్యాక్ ఉన్నవాడు సామాను ఏరుకుంటూ కూడా గోడల వైపు గురి తిప్పుతుంటాడు, ఎవరూ లేని మూలలను అసలు చూడడు. మామూలు ఆటగాడు ఖాళీ మూలలను కూడా భయంతో చూస్తాడు, ఆ వృథా చూపులే అతని నిజాయితీకి సాక్ష్యం. అడుగుల చప్పుడు, మినీమ్యాప్ మీద కాల్పుల గుర్తు, టీమ్‌మేట్ ఇచ్చిన మార్క్, వీటిలో ఏదైనా అతనికి మీ జాడ చెప్పిందేమో చూసుకోండి. ఏదీ లేకపోతే అప్పుడు రాయండి, "హ్యాకర్" అని ఒక్క ముక్క కాదు. "7వ నిమిషం 40వ సెకను దగ్గర రాతి గోడ వెనక నడుస్తున్న ఇద్దరి మీద గురి 3 సెకన్లు అతుక్కుని కదిలింది, దూరం 150 మీటర్లు, ఎవరూ కాల్చలేదు" అని రాయండి. చూసేవాడు నేరుగా ఆ సెకను దగ్గరికే వెళ్తాడు.